కరెంటు నోటీసు తెలుగులో రావాలి, దారి చూపి రావాలి

కరెంటు ఆఫీసు నుంచి వచ్చే నోటీసు మామూలుగా ఒక్క కాగితం. పైన సర్వీసు నంబరు, కేటగిరీ, మంజూరైన లోడు, తనిఖీ జరిగిన తేదీ ఉంటాయి. నడుమ ఒక పట్టిక, అందులో నెలలు, యూనిట్లు, రేటు. అడుగున కట్టాల్సిన మొత్తం. సిరిసిల్లలో సాంచాల (మరమగ్గాల) షెడ్డు నడిపే ఆసామి అయినా, కోరుట్లలో పిండిగిర్ని పెట్టుకున్న మనిషి అయినా, జగిత్యాలలో ఇంటి మీద ఇంకో అంతస్తు వేసుకున్న ఉద్యోగి అయినా మొదట చూసేది ఆ అడుగున ఉన్న అంకెనే. ఎవరిని పట్టుకుంటే తగ్గుతుంది, ఎన్ని వాయిదాల్లో కట్టనిస్తారు అన్న ఆలోచన వెంటనే మొదలవుతుంది. కానీ ఆ కాగితంలో అంతకన్నా ముఖ్యమైన అంకె ఇంకొకటి ఉంది. ఇంగ్లిషు వాక్యంలో ఎక్కడో ఇమిడిపోయిన సెక్షను నంబరు అది. వినియోగదారుడు ఎక్కడికి వెళ్లాలి, ఎన్ని రోజుల్లో వెళ్లాలి, ముందుగా ఎంత డబ్బు కట్టాలి, ఏ తలుపు అతనికి మూసుకుపోయింది అన్నవన్నీ దాన్ని బట్టే తేలతాయి. ఆ నంబరు రాసేది వివాదంలో అవతలి పక్షమే. విద్యుత్‌ వినియోగదారుడికి మన చట్టాల్లో హక్కులు తక్కువేమీ లేవు. ఆ హక్కుల దాకా పోయే దారిని అవతలి పక్షం రాసిన ఒక్క అంకె తేలుస్తున్నప్పుడు, ఆ అంకెకు అర్థమేమిటో, దానికి జవాబు ఎక్కడ ఇచ్చుకోవాలో అదే కాగితంలో తెలుగులో రాసివ్వడం శాఖ బాధ్యత కావాలి.

విద్యుత్‌ చట్టం 2003లో వచ్చింది. దాని 42వ సెక్షను ప్రకారం ప్రతి పంపిణీ సంస్థా వినియోగదారుల ఫిర్యాదుల పరిష్కార వేదికను పెట్టాలి. మన ఉత్తర తెలంగాణ విద్యుత్‌ పంపిణీ సంస్థకు వరంగల్‌లోనూ నిజామాబాద్‌లోనూ ఇలాంటి వేదికలు ఉన్నాయి. మీటరు పరుగెడుతోంది, బిల్లు తప్పుగా వచ్చింది, పేరు మార్చడం లేదు, డబ్బు కట్టినా కనెక్షను ఇవ్వడం లేదు, కేటగిరీ తప్పు వేశారు అన్న ఫిర్యాదులన్నీ అక్కడికి వెళ్తాయి. రుసుము లేదు, వకీలు అక్కరలేదు, తెల్లకాగితం మీద రాసిచ్చినా చాలు. 45 రోజుల్లో తేల్చాలి. ఆ తీర్పు నచ్చకపోతే హైదరాబాద్‌లో ఉన్న విద్యుత్‌ అంబుడ్స్‌మన్‌ దగ్గరికి పోవచ్చు. ఆ అంబుడ్స్‌మన్‌ను నియమించేది పంపిణీ సంస్థ కాదు, రాష్ట్ర విద్యుత్‌ నియంత్రణ మండలి. ఇది ఒక దారి. అదే చట్టంలోని 126వ సెక్షను, అంటే అనధికార వినియోగం కింద లెక్కగట్టి నోటీసు ఇస్తే దారి వేరు. అక్కడ అభ్యంతరం చెప్పుకోవాల్సింది లెక్కగట్టిన అధికారికే. ఆ పైన 127వ సెక్షను కింద అప్పీలు. 145వ సెక్షను ఈ వ్యవహారాల్లో సివిల్‌ కోర్టు తలుపు కూడా మూసేసింది. ఇక 135వ సెక్షను రాస్తే అది చౌర్యం, క్రిమినల్‌ కేసు, ప్రత్యేక కోర్టు. షెడ్డు ఒకటే, మీటరు ఒకటే, వచ్చిన తనిఖీ బృందం ఒకటే అయినా, రాసిన సెక్షనును బట్టి ఆ మనిషి ఫిర్యాదుదారుడు కావచ్చు, బాకీదారుడు కావచ్చు, ముద్దాయి కావచ్చు.

ఈ తేడా ఎంత పెద్దదో ఒక్క ఉదాహరణ చాలు. ఒక షెడ్డును ఇన్నాళ్లూ తక్కువ రేటు కేటగిరీలో బిల్లు చేశారు, తనిఖీకి వచ్చినవాళ్లు అది ఎక్కువ రేటు కేటగిరీలో ఉండాల్సిందన్నారు అనుకుందాం. వినియోగదారుడు తానుగా ఏమీ మార్చకపోతే, కేటగిరీ వేయడంలో తప్పు శాఖదే అయితే, విద్యుత్‌ సరఫరా సాధారణ నిబంధనల్లోని 3.4.1 క్లాజు వర్తిస్తుంది. దాని ప్రకారం ముందు నోటీసు ఇవ్వాలి, అభ్యంతరం చెప్పడానికి 15 రోజులు ఇవ్వాలి, ఆ జవాబును పరిశీలించాకే కేటగిరీ మార్చాలి. వెనకటి కాలానికి బిల్లు వేయవచ్చు గాని మామూలు రేటుకే. తప్పు ఎప్పటి నుంచి జరిగిందో తెలియకపోతే తనిఖీకి ముందు 12 నెలలకు మించకూడదు. దీన్నే జనం బ్యాక్‌ బిల్లింగ్‌ అంటున్నారు. వినియోగదారుడే వాడుకను మార్చాడని, మంజూరైన లోడుకు మించి వాడాడని రాస్తే అదే వ్యవహారం 126లోకి వెళ్తుంది. అప్పుడు రేటు రెండింతలు. తుది ఉత్తర్వు మీద అప్పీలుకు 30 రోజులే గడువు, అదీ లెక్కగట్టిన మొత్తంలో సగం ముందే కట్టాలి. కట్టకుండా గడువు దాటితే ఏటా 16 శాతం వడ్డీ, ఆరు నెలలకోసారి అసలులో కలిసే వడ్డీ. ఉద్దేశం చెడ్డది కాకపోయినా, మీటరును ముట్టకపోయినా 126 వర్తిస్తుందని ఒడిశాకు చెందిన సీతారామ్‌ రైస్‌మిల్లు కేసులో సుప్రీంకోర్టు 2011లోనే చెప్పింది. కాబట్టి ‘నేను దొంగను కాను’ అన్న జవాబు అక్కడ పనికిరాదు. ‘నేను ఏమీ మార్చలేదు, మీరే తప్పు కేటగిరీ వేశారు’ అన్న జవాబే పనికొస్తుంది. ఈ మాట ఏడాది తర్వాత కోర్టు మెట్ల మీద చెబితే లాభం లేదు. తాత్కాలిక లెక్క చేతికొచ్చిన వెంటనే, రాతలో చెప్పాలి.

అక్కడే మన మనిషి దెబ్బతింటున్నాడు. 126 కింద తాత్కాలిక లెక్క వచ్చాక దాన్ని ఒప్పుకుని ఏడు రోజుల్లో కట్టేయవచ్చని చట్టం ఒక వెసులుబాటు ఇచ్చింది. ఇరుపక్షాల సమ్మతితో వచ్చిన తుది ఉత్తర్వు మీద అప్పీలు లేదని కూడా అదే చట్టం చెబుతోంది. కరెంటు కట్‌ చేస్తారేమోనన్న భయంతో, ‘ముందు కట్టెయ్‌, తర్వాత చూసుకుందాం’ అన్న సలహాతో డబ్బు కట్టి సంతకం పెట్టినవాడికి తర్వాత చూసుకోవడానికి ఏమీ మిగలదు. కోపం వచ్చేది ఆ చట్టం మీద కాదు. సంతకం పెట్టించుకునే ముందు ఆ సంతకంతో ఏం పోతుందో చెప్పేవాళ్లు లేకపోవడం మీద.

సిరిసిల్లలో బ్యాక్‌ బిల్లింగ్‌ అన్న మాట మరమగ్గాలు నడిపే ప్రతి గల్లీకీ తెలుసు. సాంచాల లోడును ఏ కేటగిరీ కింద లెక్కించాలన్న దగ్గర మొదలైన వివాదం పాత బకాయిలుగా మారి, ఎన్నికల సభల్లో హామీగా తిరిగింది. రాజకీయంగా మాఫీ దొరికితే సంతోషమే. కానీ మాఫీ దయ, పరిష్కారం హక్కు. ఈ వివాదానికి నేరుగా తగిలే తీర్పు ఒకటి ఉంది. రాజస్థాన్‌లోని అజ్మీర్‌ విద్యుత్‌ సంస్థ 2009 జులై నుంచి 2011 సెప్టెంబరు దాకా ఒక వినియోగదారుడికి తప్పు టారిఫ్‌ కోడు కింద బిల్లు వేసింది. తప్పు తెలుసుకుని 2014లో అదనపు బిల్లు పంపింది. చట్టంలోని 56వ సెక్షను రెండో ఉపసెక్షను ప్రకారం బాకీ మొదట ఎప్పుడు కట్టాల్సి వచ్చిందో అప్పటి నుంచి రెండేళ్లు దాటాక దాన్ని వసూలు చేయకూడదు, బిల్లుల్లో ఎడతెగకుండా బకాయిగా చూపుతూ వస్తే తప్ప. 2020 ఫిబ్రవరిలో రహ్మతుల్లా ఖాన్‌ కేసుగా ప్రసిద్ధమైన ఆ తీర్పులో సుప్రీంకోర్టు రెండు మాటలు చెప్పింది. పొరపాటు దిద్దుకుని సంస్థ అదనపు బిల్లు వేయవచ్చు. అయితే గడువు దాటిన కాలానికి వేసిన ఆ బిల్లు కోసం కరెంటు తీసేసే అధికారం దానికి లేదు. అంటే ఫ్యూజు పీకుతామన్న బెదిరింపు ఆ బాకీకి చెల్లదు, డబ్బు కావాలంటే వసూలు చేసుకునే వేరే మార్గాలు చూసుకోవాలి. నెలకింతని జాబ్‌వర్క్‌ మీద బతికే ఆసామికి ఈ తేడా ప్రాణంతో సమానం. సాంచా ఆగితే కార్మికుడి కూలి ఆగుతుంది, సేటు ఇచ్చిన ఆర్డరు పోతుంది. కరెంటు నిలిచి ఉండగా వాదించడం వేరు, చీకట్లో కూర్చుని వాదించడం వేరు.

అదే 56వ సెక్షను మొదటి భాగంలో ఇంకొక రక్షణ ఉంది. దాని గురించి విన్నవాళ్లు చాలా తక్కువ. బాకీ ఉందని కరెంటు తీయాలంటే ముందు 15 పూర్తి రోజుల రాతపూర్వక నోటీసు ఉండాలి. ఆ బిల్లు మీద వివాదం ఉంటే వినియోగదారుడు అభ్యంతరం తెలుపుతూ, అడిగిన మొత్తమో, గత ఆరు నెలల్లో తాను కట్టిన సగటు చార్జీ చొప్పున నెలనెలా అయ్యే మొత్తమో, రెంటిలో ఏది తక్కువైతే అది కడితే చాలు, వివాదం తేలేదాకా సరఫరా ఆపకూడదు. జగిత్యాలలో నెలకు రూ. 900 కట్టే ఇంటికి ఉన్నట్టుండి రూ. 40,000 బిల్లు వచ్చిందనుకోండి. ఆ మొత్తం కట్టాలి, లేకపోతే చీకట్లో ఉండాలి అన్న రెండు దారులే ఉన్నాయని ఇంటివాళ్లు అనుకుంటారు. చట్టం ఇచ్చిన మూడో దారి ఆ సగటు చార్జీ. ‘అభ్యంతరంతో కడుతున్నాను’ అన్న రెండు మాటలు రాసి విద్యుత్‌ రెవెన్యూ కార్యాలయంలో, అంటే ఈఆర్వోలో ఇచ్చి, రెండో ప్రతి మీద ముద్ర వేయించుకుంటే అది పని చేస్తుంది. నోటి మాటగా చెబితే పని చేయదు.

ఇక్కడ శాఖ వైపు నుంచి వచ్చే వాదన బలమైనది, దాన్ని తప్పించుకోకూడదు. వాడుకున్న కరెంటుకు డబ్బు కట్టమంటే అన్యాయం ఎలా అవుతుంది? గుమాస్తా పొరపాటు వల్ల ఒకరికి తక్కువ బిల్లు వస్తే ఆ నష్టాన్ని మిగిలిన వినియోగదారులు ఎందుకు మోయాలి? పంపిణీ సంస్థల నష్టాలు చివరికి అందరి చార్జీల్లోనే తేలతాయి కదా? సుప్రీంకోర్టు కూడా 2021లో ప్రేమ్‌ కాటెక్స్‌ కేసులో ఈ వైపే మొగ్గింది. హరియాణాలోని ఆ సంస్థకు మీటరు గుణకం తప్పుగా వేసి ఏళ్ల తరబడి తక్కువ బిల్లు చేశారు. తర్వాత తప్పు పట్టుకుని మిగతాది కట్టమనడం సేవాలోపం కాదని కోర్టు తేల్చింది. ఆ తీర్పు సబబే. వాడుకున్న యూనిట్లకు మామూలు రేటు కట్టడానికి నిజాయితీ ఉన్న ఏ వినియోగదారుడూ అభ్యంతరం చెప్పకూడదు. కానీ పొరపాటు ఎవరిదన్న ప్రశ్న అంతటితో పోదు. తప్పు శాఖదైతే రెట్టింపు రేటు ఎందుకు? తన తప్పుకు 126 రాసి అవతలివాణ్ని అనధికార వినియోగదారుణ్ని చేయడం ఎందుకు? మూడేళ్ల మొత్తాన్ని ఒక్క నెలలో కట్టమని, లేకపోతే తీగ కోస్తామని ఎందుకు? మీటరు రీడింగు తీసిందీ, కేటగిరీ వేసిందీ, ప్రతి నెలా బిల్లు కొట్టి చేతికిచ్చిందీ శాఖ మనుషులే. నోటీసులో దారి చూపించాలన్నది బాకీ మాఫీ కోసం కాదు. న్యాయమైన బాకీ ఎంతో తేలడం కోసం. అది తేలితే వసూలు కూడా సులువవుతుంది, కోర్టుల్లో ఏళ్ల తరబడి నానదు.

సిరిసిల్ల సంగతికి వస్తే అక్కడ మరో చిక్కు ఉంది. రాజన్న సిరిసిల్ల జిల్లాకు కరెంటు ఇచ్చేది నేరుగా పంపిణీ కంపెనీ కాదు, సహకార విద్యుత్‌ సరఫరా సంఘం, అందరూ సెస్‌ అని పిలిచేది. 1969లో గ్రామీణ విద్యుదీకరణ సంస్థ ఏర్పడ్డాక దేశంలో మొదటి విడతగా మొదలైన ఐదు గ్రామీణ విద్యుత్‌ సహకార సంఘాల్లో అది ఒకటి. 1970లో పని మొదలుపెట్టింది. ఉమ్మడి రాష్ట్రంలో ఉన్న ఇతర సంఘాల్లో కొన్ని పోయినా తెలంగాణలో ఇది నిలబడింది. ఉత్తర తెలంగాణ కంపెనీ దగ్గర కరెంటు కొని ఊరూరా పంచుతోంది. వినియోగదారులే ఓటేసి డైరెక్టర్లను ఎన్నుకుంటారు. చివరగా 2022 డిసెంబరులో జరిగిన ఎన్నికల హోరు ఆ జిల్లాకు ఇంకా గుర్తే. అందుకే కొందరు అంటారు: సంఘం సభ్యులదే, తగువు ఉంటే సర్వసభ్య సమావేశంలో తేల్చుకోవాలి, మన ఇంటి సంస్థ మీద మనమే కేసు వేస్తామా అని. ఆ మమకారం గౌరవించదగిందే. కానీ ఐదేళ్లకోసారి వేసే ఓటు, ఈ నెల బిల్లు తప్పుకు మందు కాదు. చట్టమూ అలా అనడం లేదు. తమిళనాడులోని తిరుమురుగన్‌ సహకార పరపతి సంఘం, దాని సభ్యురాలి మధ్య వచ్చిన వివాదంలో, సహకార చట్టం కింద వేరే పరిష్కారం ఉన్నా సభ్యులు వినియోగదారుల ఫోరానికి వెళ్లవచ్చని సుప్రీంకోర్టు 2003 డిసెంబరులో తేల్చి చెప్పింది. సహకార సంఘాలకు లైసెన్సు నుంచి మినహాయింపు ఇచ్చే వీలు విద్యుత్‌ చట్టం 13వ సెక్షనులో ఉంది. సంస్థకు లైసెన్సు ఉన్నా, మినహాయింపు ఉన్నా కరెంటు సరఫరా సేవే. 2019 వినియోగదారుల రక్షణ చట్టం సేవ అన్న మాటకు ఇచ్చిన నిర్వచనంలో విద్యుత్‌ సరఫరాను పేరు పెట్టి చేర్చింది.

ఆ వినియోగదారుల చట్టం తలుపు ఎంతవరకు తెరిచి ఉందో కూడా సూటిగా చెప్పాలి. 126 కింద వచ్చిన తుది లెక్క మీద, చౌర్యం కేసుల మీద ఆ కమిషన్లు విచారణ చేయలేవని 2013లో ఉత్తరప్రదేశ్‌కు చెందిన అనీస్‌ అహ్మద్‌ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. వాణిజ్యం కోసం కరెంటు తీసుకున్నవాళ్లు వినియోగదారులే కారని కూడా అంది. ఈ రెండో మాట విని సిరిసిల్లలో చాలామంది ‘మాది పరిశ్రమ మీటరు, మనకు అక్కడ పని లేదు’ అని వెనక్కి తగ్గుతారు. అది తొందరపాటు. సొంతంగా పనిచేసుకుని పొట్ట పోసుకోవడానికే కొని వాడుకున్న సరుకు వాణిజ్య ప్రయోజనం కిందికి రాదని ఆ చట్టంలోనే వివరణ ఉంది. నాలుగు సాంచాలు పెట్టుకుని, భార్యాభర్తలు కలిసి కండెలు చుట్టుకుంటూ బట్ట నేసే కుటుంబం తానూ ఆ వివరణలో ఇముడుతానని వాదించవచ్చు. నలభై సాంచాలు పెట్టి కూలికి మనుషుల్ని నడిపే షెడ్డు ఇమడకపోవచ్చు. ఈ తేడా నిరూపించుకోవాల్సింది మనిషే, కాగితంతోనే. తాను నివసించే జిల్లాలోనే ఫిర్యాదు వేయవచ్చన్నది 2019 చట్టం తెచ్చిన పెద్ద సౌకర్యం, అయితే ఘటన జరిగిన రెండేళ్లలోపే వేయాలి.

జగిత్యాల, కోరుట్ల వైపు ఊళ్లలో బాధ వేరే రకం. అక్కడ బిల్లుకన్నా ట్రాన్స్‌ఫార్మరే తగువు. వరి పొట్టకొచ్చే వేళ, పసుపుకు తడి కావాల్సిన వేళ చేను గట్టున ట్రాన్స్‌ఫార్మర్‌ కాలుతుంది. దాని కింద ఉన్న మోటర్ల రైతులు తలా ఇంత వేసుకుంటారు, ట్రాక్టరు కిరాయికి పెడతారు, దాన్ని దింపి మరమ్మతు కేంద్రానికి మోస్తారు, వరుసలో తమ వంతు కోసం కాచుకుంటారు. ఈ పని తమది కాదని వాళ్లకు తెలుసు. అడిగితే ఇంకా ఆలస్యమవుతుందని కూడా తెలుసు. కాలిన ట్రాన్స్‌ఫార్మర్‌ను పల్లెల్లో 48 గంటల్లో, పట్టణాల్లో 24 గంటల్లో మార్చాలన్నది నియంత్రణ మండలి పెట్టిన సేవా ప్రమాణం. తప్పితే వినియోగదారుడికి పరిహారం ఇవ్వాలని 57వ సెక్షను చెబుతోంది. ఆ పరిహారం చిన్న మొత్తమే. కానీ ప్రతి ఆలస్యానికీ పరిహారం లెక్కలోకి వస్తే ఏ విద్యుత్‌ సెక్షను ఆఫీసు పరిధిలో ఎన్నిసార్లు ఆలస్యమైందో మండలి ముందుకు కాగితంగా వస్తుంది, ట్రాన్స్‌ఫార్మర్ల కొరత అంకెగా కనిపిస్తుంది. ‘ఉచిత కరెంటుకు హక్కులేమిటి’ అనేవాళ్లకు జవాబు చట్టంలోనే ఉంది. 2(15) సెక్షను ప్రకారం సరఫరా పొందే ఏ వ్యక్తి అయినా వినియోగదారుడే. 2018 జనవరి 1 నుంచి 24 గంటల ఉచిత కరెంటు ఇస్తామని ప్రభుత్వం ప్రకటించినప్పుడు ఆ సబ్సిడీ భారం తాను మోస్తానంది తప్ప, రైతు హక్కులు తీసేస్తానని అనలేదు. ట్రాన్స్‌ఫార్మర్‌ కాలిన గంటలోనే 1912కు ఫోన్‌ చేసి ఫిర్యాదు నంబరు రాసిపెట్టుకోవాలి. 48 గంటల లెక్క మొదలవడానికి సాక్ష్యం అదొక్కటే.

తెగిపడిన తీగ తగిలి మనిషి పోయిన చోట రాతపూర్వక ఆధారం మరింత ముఖ్యం. 2002లో మధ్యప్రదేశ్‌ విద్యుత్‌ బోర్డు, శైల్‌కుమారి కేసులో సుప్రీంకోర్టు ముందుకు వచ్చింది ఇలాంటి చావే. వాననీళ్లలో పడి ఉన్న తీగ మీదుగా రాత్రి సైకిల్‌ మీద వెళ్తున్న మనిషి పోయాడు. ఎవరో దొంగతనంగా కొక్కెం తగిలించడం వల్ల ఆ తీగ ఊడిందని బోర్డు వాదించింది. ఇంత ప్రమాదకరమైన సరుకును నడిపే సంస్థ ఆ సాకు చెప్పి తప్పించుకోలేదని, నిర్లక్ష్యం రుజువు కాకపోయినా బాధ్యత దానిదేనని కోర్టు తేల్చింది. ఇంటిపెద్ద పోయిన దుఃఖంలో ఎవరికీ కాగితాలు గుర్తురావు. అయినా పోలీసు ఎఫ్‌ఐఆర్‌, పంచనామా, శవపరీక్ష నివేదిక, విద్యుత్‌ తనిఖీ అధికారి నివేదిక ప్రతులు తీసిపెట్టడం ఊరి పెద్దలు ఆ కుటుంబానికి చేయగల అసలైన సాయం. అదే తీగ గురించి ముందే ఒక రాతపూర్వక ఫిర్యాదు ఉంటే ఆ కేసు బలమే వేరు.

ఫిర్యాదుల పరిష్కార వేదికల మీద జనానికి నమ్మకం లేదన్న మాట కొట్టిపారేయలేం. సభ్యుల్లో ఎక్కువమంది కంపెనీ నియమించినవాళ్లే. కోరుట్ల నుంచి నిజామాబాద్‌కో వరంగల్‌కో పోయి రావాలంటే ఒక రోజు పని పోతుంది. అయినా ఆ వేదికను వదులుకోవడం తెలివైన పని కాదు. అక్కడ నమోదైన జవాబులు, శాఖ ఒప్పుకున్న తేదీలు పైకి వెళ్లినప్పుడు ఆధారమవుతాయి. అంబుడ్స్‌మన్‌ దగ్గరికి పోయే హక్కును 42(6) ఇచ్చింది వినియోగదారుడికే, పంపిణీ సంస్థకు కాదు. చట్టాన్ని, మండలి ఆదేశాన్ని ఉల్లంఘించిన వారికి ఒక్కో ఉల్లంఘనకు రూ. లక్ష దాకా జరిమానా వేసే అధికారం 142వ సెక్షను కింద మండలికి ఉంది. వేదికలు అప్పుడప్పుడు పట్టణాలకు వచ్చి సదస్సులు పెడుతున్న మాట నిజం. ఆ రాకపోక తేదీ ముందే ప్రకటించి, నెలకోసారి తప్పనిసరిగా జరగాలి.

లోక్‌ అదాలత్‌ల గురించి ఒక హెచ్చరిక. విద్యుత్‌ కేసులు రాజీ చేసుకోవడానికి అక్కడ వందలమంది వస్తారు, ఎన్నో కుటుంబాలకు అది ఊరటే. అయితే చౌర్యం కేసును 152వ సెక్షను కింద రాజీ చేసుకునే అవకాశం ఒక మనిషికి ఒక్కసారే ఉంటుంది. చేయని తప్పుకు పీడ వదిలించుకుందామని సంతకం పెట్టినవాడు తన ఒక్క అవకాశాన్నీ ఖర్చు పెట్టేస్తున్నాడు. ఆ సంతకానికి ముందు ఈ ఒక్క వాక్యం అతనికి చదివి వినిపించడం న్యాయసేవా సంస్థలకు కష్టమైన పని కాదు.

తెలుగును పాలనాభాషగా నిలిపిన అధికార భాషా చట్టం 1966లో వచ్చింది. దశాబ్దాలు గడిచినా, మనిషిని బాకీదారుణ్నో ముద్దాయినో చేసే కాగితం అతని భాషలో రాకపోవడం సహించరానిది. నియంత్రణ మండలి ఒక్క ఆదేశంతో దీన్ని దిద్దగలదు. కేటగిరీ మార్పు, వెనకటి బిల్లు, 126 లెక్క, సరఫరా నిలిపివేత, వీటిలో ఏ నోటీసైనా తెలుగులో ఉండాలి. ఏ సెక్షను, తప్పు ఎవరిదని శాఖ అంటోంది, ఎన్ని రోజుల్లో ఎవరికి జవాబివ్వాలి, ఆ తర్వాత ఎక్కడికి వెళ్లాలి, ఎంత కడితే కరెంటు ఆగదు అన్న ఐదు సంగతులు మొత్తానికి పైనే, అంతే పెద్ద అక్షరాల్లో ఉండాలి. అవి లేని నోటీసు ఆధారంగా తీగ కోయకూడదు. ఈ ఆదేశం కోసం సిరిసిల్ల మరమగ్గాల సంఘాలు, జగిత్యాల రైతు సంఘాలు, కోరుట్ల వర్తకులు కలిసి మండలి ముందు పిటిషను వేయాలి. ఏటా చార్జీల మీద జరిగే బహిరంగ విచారణలో ఎవరైనా అభ్యంతరం రాసివ్వవచ్చు, హాజరై మాట్లాడవచ్చు. ఆ ఆదేశం వచ్చేదాకా, నోటీసు చేతికి వస్తే అడుగున ఉన్న మొత్తం చూడకముందే సెక్షను నంబరు వెతకండి. ఏ సంతకమూ పెట్టకముందే జవాబు రాయండి, రెండో ప్రతి మీద తేదీతో ముద్ర వేయించుకోండి.